పొలం ఎవరిదో ఎస్సై తేలుస్తారా?

గట్టు జరిపారనో, రాత్రికి రాత్రి కడీలు పాతారనో తెలియగానే మన ఊళ్లలో కాళ్లు పోలీస్ స్టేషన్ వైపే నడుస్తాయి. కోర్టుకెక్కితే ఏళ్లు పడుతుందన్న భయం ఉంది, అది ఉత్త భయం కాదు. కానీ స్టేషన్ చుట్టూ తిరిగే రోజుల్లోనే చట్టం ఇచ్చిన గడువులు దాటిపోతున్నాయి.

అపోహ: కాగితాలు చూసి భూమి ఎవరిదో ఎస్సై చెప్పవచ్చు.

వాస్తవం: హక్కు తేల్చేది సివిల్ కోర్టు, హద్దు కొలిచేది సర్వేయరు. పోలీసులకు ఈ రెండు అధికారాలూ లేవు. పాసుపుస్తకం, 1బి, పహాణీ రెవెన్యూ రికార్డులే. వాటిలో పేరు ఎక్కినంత మాత్రాన యాజమాన్యం రాదని సుప్రీంకోర్టు పదేపదే చెప్పింది. స్టేషన్‌లో కూర్చోబెట్టి రాయించిన రాజీ కాగితానికి డిక్రీ బలం ఉండదు. రాజీయే కావాలంటే లోక్ అదాలత్ ఉంది, అక్కడి అవార్డు డిక్రీతో సమానం.

అపోహ: భూమి గొడవంటే సివిల్ తగాదా, కేసు కట్టరు.

వాస్తవం: ఈ మాట స్టేషన్లలోనే ఎక్కువ వినిపిస్తుంది. అది అన్యాయం. దొంగ సంతకాలతో రిజిస్ట్రేషన్, ఒకే ప్లాటును ఇద్దరికి అమ్మడం, కొట్టడం, పంట పాడుచేయడం నేరాలు. దావా నడుస్తున్నా వీటిపై ఫిర్యాదు చేయవచ్చు. ఎస్సై తీసుకోకపోతే ఎస్పీకి రాతపూర్వకంగా పంపాలి, అప్పటికీ కదలకపోతే మేజిస్ట్రేట్‌ను ఆశ్రయించాలి. దళితుల, గిరిజనుల భూమిని ఇతరులు అక్రమంగా ఆక్రమిస్తే 1989 నాటి అత్యాచారాల నిరోధక చట్టం వర్తిస్తుంది. దర్యాప్తు చేయాల్సింది డీఎస్పీ స్థాయి అధికారి.

అపోహ: పట్టా నా పేరున ఉంది కాబట్టి, అందులో ఉన్నవాణ్ణి నేనే వెళ్లగొట్టవచ్చు.

వాస్తవం: స్థిరంగా స్వాధీనంలో ఉన్న మనిషిని అసలు యజమాని అయినా చట్టప్రకారమే ఖాళీ చేయించాలని 2003లో రామేగౌడ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. బలవంతంగా వెళ్లగొడితే, బాధితుడు 1963 నాటి నిర్దిష్ట ఉపశమన చట్టం 6వ సెక్షన్ కింద ఆరు నెలల్లోపు దావా వేయాలి. అక్కడ యాజమాన్యం ఎవరిదన్న ప్రశ్నే రాదు, స్వాధీనం లాక్కున్నారా లేదా అన్నదే చూస్తారు. ప్రభుత్వంపై మాత్రం ఈ దావా చెల్లదు. గొడవ కొట్లాటకు దారితీసేలా ఉంటే, పోలీసుల నివేదికపై తహసీల్దారో ఆర్డీవోనో కార్యనిర్వాహక మేజిస్ట్రేట్ హోదాలో, పాత సీఆర్‌పీసీ 145వ సెక్షన్ (2024 జూలై 1 నుంచి నాగరిక్ సురక్షా సంహితలో 164) కింద జోక్యం చేసుకోవచ్చు. ఆ నివేదిక అందడానికి ముందు రెండు నెలల లోపల గెంటివేతకు గురైనవారిని స్వాధీనంలో ఉన్నట్టే పరిగణించే వీలుంది. కాబట్టి ఫిర్యాదులో వెళ్లగొట్టిన తేదీ తప్పక రాయండి, రసీదు అడిగి తీసుకోండి. "రేపు రా, ఎల్లుండి రా" అంటుంటే ఆగకుండా వకీలును కలవండి. ఆరు నెలలు దాటితే ఈ దగ్గరి దారి మూసుకుపోతుంది. ఆపైన మిగిలేది దస్తావేజులతో, సాక్షులతో ఏళ్లు సాగే దావా.

అపోహ: వివాదం తేలేదాకా పోలీసులు ఇంటికి తాళం వేయవచ్చు.

వాస్తవం: పోలీసులకున్న జప్తు అధికారం స్థిరాస్తికి వర్తించదని 2019లో నెవాడా ప్రాపర్టీస్ కేసులో సుప్రీంకోర్టు తీర్పిచ్చింది.

అపోహ: ఇంజంక్షన్ ఉంటే పోలీసులే వచ్చి కాపలా కాస్తారు.

వాస్తవం: ఎదుటివాళ్లు ఉత్తర్వును లెక్కచేయకపోతే, పోలీసు సహాయం కోరుతూ అదే కోర్టులో పిటిషన్ వేయాలి. ధిక్కరించినవారి ఆస్తి జప్తు చేసే, మూడు నెలల వరకు సివిల్ జైలుకు పంపే అధికారం కోర్టుకుంది. కోర్టు సహాయం మంజూరు చేశాక, అది సివిల్ తగాదా అని తప్పుకోవడానికి ఎస్సైకి వీలుండదు.