రాతిగోడకు వజ్రపు బరమా

కర్నూలు, కడప సీమలలో పాత ఇండ్లు గలవారికి నేడు తరచుగా ఎదురగు చిక్కు ఒకటి కలదు. పెద్దలు కట్టించిన రాతిగోడ మూరెడు మందము. స్నానపుగది నీరు బయటకు పోవుటకు నాలుగంగుళముల దారి కావలెను. వంటింటి పొగను లాగు పంకాకు ఆరంగుళములు కావలెను. ఉలి, సుత్తి, గునపము పట్టి ఉదయము మొదలిడిన పని సాయంకాలమునకు పిల్లి దూరునంత కంత యగును. చుట్టును నాలుగు రాళ్ళు కదలును. పిదప ఆ కంతను సిమెంటుతో మెత్తి గొట్టమును బిగింతురు.

దోషము మేస్త్రిది కాదు. ఆ గోడకు సుత్తిదెబ్బ సరిపడదు. బేతంచెర్ల, ఎర్రగుంట్ల ప్రాంతములలో నాపరాయి పొరలు పొరలుగా లభించుటచే గోడకును, నేలకును, అరుగునకును అదియే ఆధారమైనది. పాత గోడ చూచుటకు ఒక్కటిగా నున్నను నిజమునకు రెండు గోడలు. లోపలివైపు ఒక వరుస, వెలుపలివైపు ఒక వరుస పేర్చి, నడుమ మట్టియు రాతిముక్కలును నింపుదురు. అక్కడక్కడ గోడ మందమంతయు పట్టు పొడుగురాయి ఈ రెంటిని కలిపి పట్టుకొనును. సున్నము వాడినది కలిగినవారి ఇండ్లలోనే. తక్కినవన్నియు మట్టి అడుసుతో కట్టినవి. పైన దూలములు, వానిపై మట్టిమిద్దె బరువు. ఒక రాతిని గట్టిగా కొట్టినచో ఆ అదురు ప్రక్కరాళ్ళ సందులకు ప్రాకి అడుసును విడదీయును. నడిమి మట్టి జారుట మొదలైనచో దానిని ఆపుట కష్టము.

ఇట్టిచోట కొట్టకుండ కోయు సాధనము అవసరము. దానినే మన పనివారు కోర్ కటింగు అందురు. ఇది వడ్రంగి బరమా వంటిది కాదు. ఉక్కుగొట్టము వంటి బోలు పనిముట్టు. దాని అంచున వజ్రపు రవ్వలను లోహపు పొడితో కలిపి, అదిమి, కాల్చి చేసిన చిన్న పళ్ళుండును. అది తిరుగుచు రాతిలో ఉంగరమువంటి సన్నని గాడిని మాత్రమే తీయును. నడిమి రాయి దిమ్మెగా మిగిలి గొట్టములోనికి వచ్చును. 100 మిల్లీమీటర్ల రంధ్రమునకు గాడి వెడల్పు 4 మిల్లీమీటర్లనుకొందము. అరుగదీయవలసినది ఆ వృత్తములో నూటికి పదునైదు పాళ్ళు మాత్రమే. తక్కిన ఎనుబదియైదు పాళ్ళు ముట్టకుండగనే ఊడి వచ్చును. పని త్వరగా సాగుటకును, గోడ అదరకుండుటకును ఇదియే కారణము.

వజ్రము రాతిని కత్తివలె కోయుననుకొనుట సరికాదు. ప్రతి రవ్వయు ఒక సన్నని గీత గీయును. అట్టి లక్షల గీతలవలన రాయి పిండియై పోవును. రవ్వ మొద్దుబారినపుడు దానిని పట్టియున్న లోహము అరిగి, వెనుకనున్న క్రొత్త రవ్వ బయటపడవలెను. కావున గట్టి రాతికి మెత్తని లోహపు పళ్ళు, గరుకైన మెత్తని రాతికి గట్టి లోహపు పళ్ళు కావలెను. వినుటకు తలక్రిందులుగా తోచును గాని ఆలోచించినచో సబబే. గట్టి రాయి లోహమును త్వరగా అరుగదీయజాలదు. లోహమే మెత్తనిది కానిచో పళ్ళు అద్దమువలె నునుపెక్కి ఊరక తిరుగుచుండును. అపుడు పనివారు ఇసుకపాలు హెచ్చుగా నున్న ఇటుకపై కొంతసేపు త్రిప్పి మరల పదును తెత్తురు. ఆదోని వైపు నల్లరాతిగోడకు తగిన పనిముట్టు బేతంచెర్ల నాపరాతికి తగదు. పనివాడు మొదట గోడను చూచి తరువాత పనిముట్టును ఎన్నుకొన్నచో అతడు తెలిసినవాడని మేము తలంతుము.

ఈ యుపాయము 1860ల ప్రారంభమున జెనీవాకు చెందిన లెషో అను గడియారముల నిపుణునికి తోచినది. సొరంగములలో మందుగుండు కూరు రంధ్రములకై బ్రెజిల్ నల్లవజ్రములను గొట్టపు అంచున పొదిగిరి. వజ్రమునకు పేరెన్నిక గన్నది మాత్రము మన సీమయే. బనగానపల్లె వద్ద గులకరాళ్ళు గట్టిపడిన పొరలో పూర్వులు వజ్రములకై త్రవ్విరి. కడప చెంత పెన్న ఒడ్డున చెన్నూరులోను త్రవ్విరి. తొలకరి వానలకు జొన్నగిరి, తుగ్గలి చేలలో జనము వంగి నేల వెదకుట నేటికిని కలదు. అయితే మన గోడను కోయు రవ్వలు ఆ చేలలోనివి కావు. 1954 డిసెంబరులో అమెరికాలో జనరల్ ఎలక్ట్రిక్ సంస్థవారు అత్యధికమైన ఒత్తిడి, వేడిమిచే వజ్రమును చేయగలిగి, 1955లో ప్రకటించిరి. పనిముట్లలోని వజ్రము నేడు దాదాపు అంతయు ఆ విధమున చేసినదే.

ఇక నీటి విషయము. రాపిడికి పళ్ళు కాగును. మిక్కిలి వేడికి వజ్రమైనను చెడును, కర్బనమే గదా! నీరు దానిని చల్లబరచి, రాతిపిండిని కడిగివేయును, ధూళి లేవనీయదు. నల్లరాతి ధూళి, ఇసుకరాతి ధూళి ఏండ్లతరబడి పీల్చినవారి ఊపిరితిత్తులు గట్టిబడును గనుక ఈ మేలు చిన్నది కాదు. కాని అడుసుతో కట్టిన గోడకు ఆ నీరే శత్రువు. నడిమి మట్టి నాని కారిపోయినచో లోపల బోలు ఏర్పడును, పైకి మాత్రము ఏమియు కనబడదు. కావున నీటిధారను తగ్గించి, కొంత కోసి, ఆగి, బయటకు వచ్చు నీటి రంగును చూడవలెను. రాతిపిండి నీరు తెల్లగనో బూడిదరంగుగనో ఉండును. ఎఱ్ఱమట్టి రంగు తిరిగినచో పని నిలిపి, గోడను ఆరనిచ్చి, సందులను సున్నముతో బిగించిన పిమ్మటనే సాగించుట మంచిది. తొందరపడు గుత్తేదారు ఈ మాట వినడు, ఇంటివారే నిలువరింపవలెను.

నడుమ విడిగానున్న రాతిముక్క పళ్ళకు చిక్కి తిరుగుటయు కలదు. అపుడు యంత్రము చేతులను మెలిపెట్టును. పెద్ద రంధ్రమునకు యంత్రమును చేతబట్టక నిలువుచట్రమునకు బిగించుటయే క్షేమము. ఆ చట్రపు బోల్టు పెద్దరాతిలో దిగవలెను గాని అడుసు సందులో దిగరాదు. నీరున్నచోట విద్యుత్తు పనిచేయుచున్నది గనుక, కరెంటు నేలకు కారిన వెంటనే సరఫరా ఆపు మీట తప్పక ఉండవలెను.

చోటును నిర్ణయించుటలో దూలపు కొన క్రింద, గోడమూల చెంత వలదు. మొదట సన్నని రంధ్రమొకటి ఈ వైపునుండి ఆ వైపునకు వేసినచో లోపలి సంగతియు, బయట తేలు చోటును తెలియును. మూరెడు గోడలో నాలుగంగుళముల దిమ్మె అంతయు నాపరాయియే అయినచో సుమారు 8 కిలోలు తూగును. ఆరంగుళములదైనచో 19 కిలోలు. అది ఆవలివైపు జారిపడిన వేళ అక్కడ పిల్లలు ఆడుకొనుచుండరాదు. ఒక పెద్దమనిషిని ఆ ప్రక్క కాపుంచుడు.

వచ్చిన దిమ్మెలను వెంటనే పారవేయక వరుసగా పేర్చి చూడుడు. తుమ్మలపల్లె యురేనియము వంటి ఖనిజములను అన్వేషించు భూగర్భశాస్త్రజ్ఞులు లోతునుండి తీసిన ఇట్టి దిమ్మెలనే వరుసగా పెట్టెలలో పేర్చి చదువుదురు. మన గోడలో ఎంత రాయి, ఎంత మట్టి, ఎంత బోలు ఉన్నదో ఆ నాలుగు ముక్కలే చెప్పును. మట్టిపాలు హెచ్చుగా కనబడినచో రెండవ రంధ్రము అదే గోడలో వేయు ఆలోచన మానుకొనుడు. గొట్టమును వెలుపలికి కొంచెము వాలుగా అమర్చి, చుట్టునున్న సందును సున్నపు గారతో లోపలివరకు నింపుడు.