పులుపుతో పేరు తెచ్చుకున్న ఆపిల్

ఇంగ్లండ్ వంటిళ్లలో తరతరాలుగా రాజ్యమేలుతున్న ఆపిల్ ఒకటుంది. కోసుకుని తినడానికి మాత్రం దాన్ని ఎవరూ కొనరు. పేరు బ్రామ్లీ.

అరచేయి నిండే కాయ, ఆకుపచ్చ తొక్క, ఎండ తగిలిన వైపు ఎర్రటి జీర. కొరికితే పళ్లు జివ్వుమంటాయి. మాలిక్ ఆమ్లం ఎక్కువ, చక్కెర తక్కువ. అదే ముక్కలు కోసి, రెండు చెంచాల నీళ్లు పోసి పొయ్యి మీద పెట్టండి: కాసేపటికే ఉబ్బి, ముక్క ఆనవాలు లేకుండా గుజ్జయిపోతుంది. తీపి రకాలను ఉడికిస్తే చప్పబడతాయి; దీని పులుపు ఎంత చక్కెర వేసినా లొంగదు. ‘ఆపిల్ పై’ అనే వంటకానికి, పంది మాంసంతో వడ్డించే సాస్‌కి ఇంగ్లిష్ వాళ్లు దీన్నే వెతికేది అందుకే.

ఆపిల్ గింజ నాటితే తల్లి గుణమే వస్తుందన్న నమ్మకం లేదు. 1809లో నాటింగ్‌హామ్‌షైర్‌లోని సౌత్‌వెల్ అనే ఊళ్లో మేరీ ఆన్ బ్రెయిల్స్‌ఫర్డ్ అనే అమ్మాయి నాటిన గింజల్లో ఒకటి ఇలా కలిసొచ్చింది. 1846లో ఆ చెట్టున్న ఇంటిని మాథ్యూ బ్రామ్లీ అనే కసాయి కొన్నాడు. పదేళ్ల తర్వాత హెన్రీ మెర్రీవెదర్ అనే పదిహేడేళ్ల కుర్రాడు వచ్చి, అంట్లు కట్టి అమ్ముకుంటాను, కొమ్మలివ్వమన్నాడు. సరే గానీ నా పేరే పెట్టాలన్నాడు బ్రామ్లీ. నాటింది ఒకరు, ఊరూరా చేర్చింది ఇంకొకరు. పేరు దక్కింది ఇంటి యజమానికి! మేరీ ఆన్ అయితే ఈ కాయ పేరు మారుమోగకముందే, 1852లో కన్నుమూసింది.

తోటమాలికి ఈ చెట్టుతో ఒక చిక్కుంది. మామూలు ఆపిల్‌ కణంలో 34 క్రోమోజోములుంటే దీనిలో 51. అందువల్ల దీని పుప్పొడి పక్క చెట్లకు దాదాపు పనికిరాదు. దీనికి తోడుగా ఒకటి కాదు, రెండు వేరే రకాలు నాటాలి. అప్పుడే మూడూ కాస్తాయి. ఆ శ్రమకు ఫలితం లేకపోలేదు. చెట్టు దిట్టంగా పెరుగుతుంది, విరగకాస్తుంది, కాయలు చల్లటి చోట నెలల తరబడి నిలవుంటాయి. ఉత్తర ఐర్లండ్‌లోని ఆర్మా ప్రాంతపు బ్రామ్లీకి 2012లో భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది.

సౌత్‌వెల్‌లోని తల్లి చెట్టు 1900 ప్రాంతంలో గాలివానకు కూలిపోయి, పడ్డచోటే మళ్లీ వేళ్లూని లేచింది. ఇప్పుడు దాన్ని హనీ ఫంగస్ అనే శిలీంధ్రం తినేస్తోంది. నయం చేసే మందు లేదు. 1990ల్లోనే నాటింగ్‌హామ్ విశ్వవిద్యాలయం శాస్త్రవేత్తలు కణజాల వర్ధనంతో దాని నకళ్లు పెంచారు కాబట్టి రకానికి వచ్చిన ముప్పేమీ లేదు.

బ్రిటన్‌లో ఉండే తెలుగువారికి ఒక మాట. పచ్చి మామిడికాయ దొరకని రోజున పప్పులోకి బ్రామ్లీ పట్టుకురండి. ముక్కలు మాత్రం దించే ముందు వెయ్యండి, లేకపోతే గరిటెకు ఒక్కటీ తగలదు.