పుట్టని పుండుకు లెక్క ఎవరు రాస్తారు?

మంచం మీద కదల్లేని మనిషి బరువు ఒళ్లంతా సమానంగా పడదు. మడమలు, తుంటి, నడుము కింది ఎముక ఉన్న చోట్లే ఎక్కువగా పడుతుంది. బరువు మోసే వైశాల్యం తగ్గితే పీడనం పెరుగుతుందని హైస్కూల్లో చదువుకున్నాం కదా, ఇక్కడ జరిగేదీ అదే. చర్మం కింది కేశనాళికల్లో రక్తపీడనం సుమారు 30 మిల్లీమీటర్ల పాదరసం ఉంటుంది. బయటి ఒత్తిడి అంతకు మించి గంటల తరబడి కొనసాగితే అక్కడికి రక్తం అందదు. కణాలు చనిపోయి పుండు పడుతుంది. ముదిరితే అది ఎముకదాకా వెళ్తుంది.

దీన్ని ఆపే ముఖ్యమైన ఉపాయం రోగిని కొన్ని గంటలకోసారి పక్కకు తిప్పడం. వినడానికి తేలికైన పనే. కానీ చర్మం దుప్పటికి రాసుకోకుండా ఎత్తాలి, గొట్టాలు లాగుకుపోకుండా చూడాలి. ఎర్రబడిన చోట వేలితో నొక్కి, ఆ ఎరుపు తాత్కాలికంగా పాలిపోతుందో లేదో గమనించాలి. పాలిపోకపోతే లోపల దెబ్బ మొదలైనట్టే. ఇంతా చేశాక కంటికి కనిపించే ఫలితం ఏమిటి? పుండు పుట్టలేదు, అంతే. ఆపరేషన్ చేసిన డాక్టరుకు చూపించడానికి కుట్లయినా ఉంటాయి. నర్సు పని బాగా జరిగిన చోట చూపించడానికి ఏమీ మిగలదు.

నర్సింగ్, సామాజిక సేవ వంటి సంరక్షణ వృత్తులను అధ్యయనం చేసే సామాజిక శాస్త్రానికి ఇదొక కీలకమైన ప్రశ్న. కంటికి కనిపించని పనికి సమాజం విలువ ఎలా కడుతుంది?

లెక్కకు దొరికిన ప్రాణాలు

ఒక్క రోగిని చూస్తే కనిపించనిది లక్ష మందిని చూస్తే కనిపిస్తుంది. క్రిమియా యుద్ధకాలంలో సైనికులు గాయాలకంటే రోగాలతోనే ఎక్కువగా చనిపోయారని ఫ్లోరెన్స్ నైటింగేల్ 1858లో గణాంక చిత్రాలతో చూపింది. ఆమె చేతిలోని దీపం గురించి చెప్పుకున్నంతగా ఈ లెక్కల గురించి మనం చెప్పుకోం.

అమెరికాలో లిండా ఐకెన్ బృందం పెన్సిల్వేనియాలోని 168 ఆసుపత్రుల సమాచారాన్ని పరిశీలించి 2002లో ఫలితాలు ప్రచురించింది. శస్త్రచికిత్స రోగుల విషయంలో, ఒక్కో నర్సు మీద అదనంగా ఒక రోగి భారం పడిన కొద్దీ 30 రోజుల్లోపు మరణించే అవకాశం 7 శాతం చొప్పున పెరిగింది. నర్సులు తక్కువగా ఉన్న ఆసుపత్రుల్లో వేరే లోపాలు కూడా ఉండవచ్చు కదా అన్న సందేహం న్యాయమైనదే. దానికి కొంత జవాబు ఆస్ట్రేలియా నుంచి వచ్చింది. క్వీన్స్‌లాండ్ రాష్ట్రం 2016లో ఎంపిక చేసిన ప్రభుత్వ ఆసుపత్రుల వార్డుల్లో పగటిపూట సగటున నలుగురు రోగులకు ఒక నర్సు ఉండాలని నిబంధన పెట్టింది. ఈ నిబంధన వర్తించిన ఆసుపత్రులను వర్తించని వాటితో పోల్చిన అధ్యయనం 2021లో వెలువడింది. మరణాలు, మళ్లీ ఆసుపత్రిలో చేరాల్సి రావడం, పడకపై గడిపే రోజులు అన్నీ నిబంధన ఉన్నచోట మెరుగ్గా ఉన్నాయి. అలా ఆదా అయిన సొమ్ము, అదనపు నర్సుల జీతాలకైన ఖర్చుకు రెట్టింపు కంటే ఎక్కువని తేలింది.

ప్రేమకు పడే కోత

మరి ఇంత విలువైన పనికి జీతం ఎందుకు తక్కువ? ఈ పనిని ఇంటి పనికి పొడిగింపుగా చూడటం ఒక ముఖ్య కారణం. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2020 నివేదిక ప్రకారం నర్సుల్లో దాదాపు 90 శాతం మంది స్త్రీలే. మన దేశంలో 2019 సమయ వినియోగ సర్వే ప్రకారం, జీతం లేని ఇంటిపని చేసే స్త్రీలు దానికి రోజుకు 299 నిమిషాలు వెచ్చిస్తుంటే, ఆ పని చేసే పురుషులు వెచ్చించేది 97 నిమిషాలు. ఇంట్లో ఉచితంగా దొరికే పనికి బయట ధర కట్టడానికి సమాజానికి మనసు రాదు.

పౌలా ఇంగ్లండ్, మిషెల్ బుడిగ్, నాన్సీ ఫోల్బ్రే 2002లో అమెరికా వేతనాలను పరిశీలించారు. చదువు, అనుభవం వంటివన్నీ లెక్కలోకి తీసుకున్నా, సంరక్షణ పనుల్లో ఉన్నవారికి చాలావరకు 5 నుంచి 10 శాతం తక్కువ జీతమే వస్తోందని తేల్చారు. నర్సు పని ఆపితే ముందుగా బాధపడేది ఆమె చూసుకుంటున్న రోగే. ఆ మమకారమే ఆమెను గట్టిగా బేరమాడనివ్వదు.

జీతంలో చేరని శ్రమ మరొకటి ఉంది. సామాజిక శాస్త్రవేత్త ఆర్లీ హోష్‌చైల్డ్ విమాన సిబ్బందిని అధ్యయనం చేసి 1983లో దానికి ‘భావోద్వేగ శ్రమ’ అని పేరు పెట్టింది. ఒక మంచం దగ్గర మరణం చూసిన నర్సు, పక్క మంచం దగ్గరికి ప్రశాంతమైన ముఖంతో వెళ్లాలి. లండన్‌లోని ఒక బోధనాసుపత్రిలో ఇసాబెల్ మెంజీస్ 1950లలో చేసిన అధ్యయనం ఈ భారం ఎటు దారితీస్తుందో చూపింది. రోగులను పేరుతో కాక మంచం నంబరుతో, జబ్బుపడిన అవయవంతో పిలవడం నర్సులు తమ ఆందోళనను దూరం పెట్టుకునే పద్ధతుల్లో ఒకటని ఆమె గుర్తించింది. దానివల్ల ఆందోళన తగ్గకపోగా పనిలోని తృప్తి కూడా పోయింది. చాలామంది విద్యార్థినులు శిక్షణ మధ్యలోనే మానేశారు. విసుక్కునే నర్సును చూసి స్వభావాన్ని తప్పుపట్టేముందు, ఆ వార్డు ఎలా నడుస్తోందో చూడాలి.

‘సిస్టర్’ అనే పిలుపు

భారతదేశంలో ఈ కథకు కులం కూడా తోడైంది. పరాయివారి మలమూత్రాలు, రక్తం ముట్టుకోవడాన్ని మైలగా భావించిన సమాజంలో తొలినాళ్లలో ఈ వృత్తిలోకి ఎక్కువగా వచ్చింది క్రైస్తవ, ఆంగ్లో ఇండియన్ స్త్రీలు. మడెలేన్ హీలీ రాసిన ‘ఇండియన్ సిస్టర్స్’ పుస్తకం ఈ చరిత్రను వివరిస్తుంది. ‘సిస్టర్’ అనే పిలుపులో గౌరవం ఉంది, రక్షణ ఉంది. అయితే తోబుట్టువు చేసిన పనికి ఎవరూ కూలి కట్టరు.

పల్లెల్లో ఈ సంగతి ఇంకా స్పష్టంగా కనిపిస్తుంది. 2005లో మొదలైన జాతీయ గ్రామీణ ఆరోగ్య మిషన్ కింద వచ్చిన ఆశా కార్యకర్తలు ఇప్పుడు పది లక్షలకు పైనే. గర్భిణుల వెంట ఆసుపత్రికి వెళ్లేది, పిల్లల టీకాల తేదీలు గుర్తుచేసేది వీరే. 2022లో ప్రపంచ ఆరోగ్య సంస్థ వీరికి పురస్కారం ఇచ్చింది. అయినా పథకం లెక్కలో వీరు ఉద్యోగులు కారు, స్వచ్ఛంద కార్యకర్తలు. ఆంధ్రప్రదేశ్ 2019లో వీరికి నెలకు 10,000 రూపాయలకు పెంచి ఇచ్చినదాని పేరు కూడా జీతం కాదు, గౌరవ వేతనం. జీతానికి సెలవులు, పింఛను, పని గంటలు తోడొస్తాయి. గౌరవానికి అవన్నీ రావు.

అడగాల్సిన ఒక ప్రశ్న

ప్రైవేటు ఆసుపత్రుల్లో నర్సుల జీతాలపై సుప్రీంకోర్టు ఆదేశంతో ఏర్పడిన కమిటీ, 50 పడకల లోపు ఆసుపత్రిలో కూడా నెలకు కనీసం 20,000 రూపాయలు ఇవ్వాలని 2016లో సిఫార్సు చేసింది. అమలు రాష్ట్రాల చేతిలో ఉంది. ప్రతి 1,000 మందికి 1.96 మంది నర్సులు ఉన్నారని కేంద్రం పార్లమెంటుకు చెప్పింది. అయితే అది రిజిస్టర్‌లో పేర్ల లెక్క. గల్ఫ్‌కు వెళ్లినవారు, వృత్తి మానేసినవారు కూడా అందులో ఉండవచ్చు. రాత్రి రెండు గంటలకు వార్డులో ఎంతమంది ఉన్నారో ఆ అంకె చెప్పదు.

మనవాళ్లను ఆసుపత్రిలో చేర్చేటప్పుడు డాక్టరు డిగ్రీలు అడుగుతాం, గదికి ఏసీ ఉందా అని అడుగుతాం. ఇంకో ప్రశ్న కూడా అడుగుదాం: ‘రాత్రి షిఫ్టులో ఒక నర్సు ఎంతమందిని చూసుకుంటుంది?’ పదిమంది అడిగితే ఆ అంకె ఆసుపత్రి బోర్డు మీదికి వస్తుంది. పుట్టని పుండుకు అప్పుడైనా ఒక లెక్క మొదలవుతుంది.