నెలవంక ఎప్పటిది? — ఇస్లాము చరిత్రలో పతాకములు, చిహ్నములు

మీలాద్ ఊరేగింపులలోను, దర్గాల ఉర్సులలోను ఆకుపచ్చని గుడ్డపై నెలవంక, నక్షత్రము గల జెండాలు ఎగురుట మనమందరము చూచినదే. ఆ జెండాను పొరుగుదేశపు జాతీయ పతాకమని పొరబడి కలత చెందువారు కొందరు. అది చిరిగినను, నేలబడినను ఇస్లామునకే అవమానము జరిగెనని ఉద్రేకపడువారు మరికొందరు. ఈ రెండు పొరపాట్లకును మూలమొక్కటే. ఆ గుర్తు ఎక్కడి నుండి వచ్చినదో ఎవరికిని తెలియదు. విద్యార్థి మిత్రులైనను దీనిని కొంత విచారించుట అవసరము.

ఇస్లామునకు పూర్వమే అరబ్బు తెగలకు యుద్ధపతాకములు కలవు. మక్కాలో ఖురైషుల పతాకమును మోయు హక్కు బనూ అబ్దుద్దార్ అను వంశమునకు పరంపరగా సంక్రమించినది. క్రీ.శ. 625లో ఉహుద్ యుద్ధమున ఆ వంశీయులు పతాకమును పట్టుకొని ఒకరి వెంట ఒకరు నేలకొరిగిరి. విచిత్రమేమనగా, మహాప్రవక్త ముహమ్మద్ (స) వారు తమ పతాకమును అప్పగించిన హజ్రత్ ముస్అబ్ బిన్ ఉమైర్ కూడ ఆ వంశమువారే. వారును ఆనాడే షహీదులైరి. 629లో ముతా యుద్ధమున హజ్రత్ జైద్, హజ్రత్ జాఫర్, హజ్రత్ అబ్దుల్లా బిన్ రవాహా వరుసగా పతాకమును ధరించి ముగ్గురును ప్రాణములర్పించిరి. చేతులు రెండును తెగిపోయినను హజ్రత్ జాఫర్ పతాకమును నేలకు వ్రాలనీయలేదని చరిత్రకారులు వ్రాసిరి. పిదప దానిని అందుకొన్న ఖాలిద్ బిన్ వలీద్ సేనను కాపాడి వెనుకకు మరలించెను. దానికై అంతగా ప్రాణములొడ్డుటకు కారణమున్నది. నాయకుడెక్కడ ఉన్నాడో సైనికునకు తెలుపు గుర్తు అదొక్కటే. అది కూలినచో సేన చెదరిపోవును. అంతకు మించి దానికి పూజ్యత లేదు.

ఆ పతాకముల రూపమును గూర్చి హదీసులలో లభించునది స్వల్పము. ‘రాయ’ నల్లనిది, ‘లివా’ తెల్లనిది. నెలవంక ప్రసక్తి లేదు. తరువాతి కాలమున రంగులు రాజకీయములైనవి. 750లో అధికారమునకు వచ్చిన అబ్బాసీలది నలుపు. 817లో ఖలీఫా మామూన్ ఇమాం అలీ రజాను తన వారసునిగా ప్రకటించి, నలుపునకు బదులు ఆకుపచ్చను ధరింపుడని ఆజ్ఞాపించెను. రెండేండ్లు గడచి బాగ్దాదు చేరగానే మరల నలుపే వచ్చెను!

ఇక నెలవంక. క్రొత్తచంద్రులు మానవులకు కాలమును, హజ్ దినములను లెక్కించుకొనుటకే అని ఖురాన్ తెలుపుచున్నది. సూర్యచంద్రులకు సాష్టాంగపడవలదని కూడ శాసించుచున్నది. చిహ్నముగా నెలవంక ఇస్లాము కంటె చాల ప్రాచీనము. బైజాంటియం నగర నాణెములపైనను, ఇరాను సాసానీ రాజుల నాణెములపైనను అది కలదు. ఇరానును జయించిన అరబ్బు పాలకులు తొలుత ఆ సాసానీ నాణెములనే, నెలవంకతోను నక్షత్రముతోను, అంచున బిస్మిల్లా చేర్చి ముద్రించిరి. 696 ప్రాంతమున ఖలీఫా అబ్దుల్ మలిక్ వానిని మాన్పించి, కేవలము అక్షరములు గల దీనారును వెలువరించెను. నేడు ఇస్లాము గుర్తుగా భావింపబడు నెలవంకను ఒక ఖలీఫాయే నాణెము నుండి తొలగించెనన్నమాట.

అది ముస్లిముల గుర్తుగా స్థిరపడుట ప్రధానముగా ఉస్మానీ తురుష్కుల వలననే. 1793లో వారి నౌకాదళపు ఎఱ్ఱజెండాపై నెలవంక, నక్షత్రము చేరినవి. 1844లో అది రాజ్యపతాకమైనది. 1876–78 యుద్ధములో గాయపడిన సైనికుల సేవకు వారు శిలువకు బదులు ఎఱ్ఱ నెలవంకను వాడిరి. 1929లో జెనీవా ఒప్పందము దానిని గుర్తించెను. మన దేశమున ఖిలాఫత్ ఉద్యమము తుర్కీ సుల్తానుపై గల అభిమానముతో పాటు ఈ గుర్తును కూడ వ్యాపింపజేసెను.

అయినను ముస్లిము దేశములన్నియు దీనిని స్వీకరింపలేదు. అత్యధిక ముస్లిము జనాభా గల ఇండొనీషియా జెండాపై ఎఱుపు, తెలుపు తప్ప వేరేమియు లేదు. సౌదీ జెండాపై కలిమా, ఖడ్గము మాత్రమే కలవు; కలిమా ఉండుటచే దానిని సంతాపదినములలో సగమునకు దింపరు. మరియొకవైపు, ముస్లిముదేశము కాని సింగపూరు జెండాపై నెలవంక కలదు. అక్కడ అది ఎదుగుచున్న యువదేశమునకు గుర్తు.

మన హైదరాబాదు సంగతియే చూడుడు. ఆసఫ్‌జాహీల పసుపుపచ్చని పతాకము నడుమ గుండ్రని ‘కుల్చా’ ఉండెడిది. ఒక సూఫీ మహనీయుడు పెట్టిన కుల్చాలలో మొదటి నిజాము ఏడింటిని తినగా, ఏడు తరములు ఏలుదువని ఆయన దీవించెనని కథ. కథ మాట ఎట్లున్నను, ముస్లిము ప్రభువు తన జెండాపై రొట్టెను నిలుపుకొనుట నాకు ముచ్చటగా తోచును.

అంతకు పూర్వము కుతుబ్‌షాహీల కాలముననే ‘అలం’ ఇక్కడ పాదుకొన్నది. అలం అనగా పతాకము, గుర్తు. 680లో కర్బలాలో హజ్రత్ అబ్బాస్ మోసిన పతాకమును తలపించుటకు లోహముతో చేయునది. ముహమ్మద్ కులీ 1590ల నాటికే బాద్‌షాహీ ఆషూర్‌ఖానాను కట్టించెను. అలములను ఊరేగించుటపై ఉలమాలలో ఏకాభిప్రాయము లేదు. మన పల్లెలలో మాత్రము అవి ‘పీర్లు’ అయినవి. ముహర్రం పదవనాడు వానిని భుజమున ఎత్తుకొని నిప్పులగుండము చుట్టు తిరుగువారిలో చాలచోట్ల హిందువులే ఎక్కువ.