తెర వెనుక సారథి: చార్లెస్ మాగ్నుసన్

ఒక చలనచిత్రం విజయం పొందినప్పుడు ప్రేక్షకులు నటీనటులను మెచ్చుకొంటారు. విమర్శకులు దర్శకుని ప్రశంసిస్తారు. నిర్మాతను తలచుకొనేవారు అరుదు. నిర్మాత అంటే ధనం సమకూర్చేవాడు మాత్రమే అన్న అభిప్రాయం లోకంలో స్థిరపడింది. అది ఎంత అసంపూర్ణమైన అభిప్రాయమో స్వీడన్ దేశపు నిర్మాత, రచయిత చార్లెస్ మాగ్నుసన్ జీవితం తెలియజేస్తుంది.

మాగ్నుసన్ 1878 జనవరి 26న గోథెన్‌బర్గ్ నగరంలో జన్మించాడు. తొలుత వార్తాచిత్రాల ఛాయాగ్రాహకునిగా పనిచేశాడు. 1905లో నార్వే నూతన రాజు ఏడవ హాకన్ ఆ దేశంలో అడుగిడిన దృశ్యాన్ని చిత్రీకరించాడు. 1909లో క్రిస్టియన్‌స్టాడ్ పట్టణంలోని ‘స్వెన్‌స్కా బయో’ చిత్రసంస్థ నిర్వహణ భారాన్ని స్వీకరించాడు. ఆరంభంలో కొన్ని చిత్రాలకు తానే కథ సమకూర్చాడు. కొన్నింటికి దర్శకత్వమూ వహించాడు.

అది మూకీల కాలం. విద్యావంతులు సినిమాను కళగా గుర్తించని రోజులు. ఈ చిన్నచూపు తొలగాలంటే సమర్థులైన కళాకారులు ఈ రంగానికి రావాలని మాగ్నుసన్ గ్రహించాడు. 1912లో రంగస్థలం నుండి విక్టర్ షోస్ట్రోమ్, మారిట్స్ స్టిల్లర్ అనే ఇద్దరిని ఆహ్వానించి దర్శకులను చేశాడు. సంస్థ స్టాక్‌హోమ్ సమీపంలోని లిడింగోకు తరలింది. యోగ్యుడైన దర్శకుని ఎన్నుకోవడం, ఆపై అతనికి స్వేచ్ఛనివ్వడం మాగ్నుసన్ పద్ధతి.

ఆ స్వేచ్ఛ ఫలించింది. 1913లో షోస్ట్రోమ్ ‘ఇంగెబోర్గ్ హోల్మ్’ చిత్రాన్ని రూపొందించాడు. భర్తను కోల్పోయి, ఆస్తి నశించి, అనాథశరణాలయం పాలైన ఒక తల్లి కథ అది. ఆమె బిడ్డలను అధికారులు పరుల ఇళ్లకు అప్పగిస్తారు. ఒక బిడ్డ జబ్బుపడిందని తెలిసి ఆమె తప్పించుకొని పరుగెత్తుతుంది. తల్లిని గుర్తించలేని పసివాని చూపు ఆమె మతిని చలింపజేస్తుంది. ఈ చిత్రం బీదల పోషణకు సంబంధించిన చట్టాలపై స్వీడన్‌లో తీవ్రమైన చర్చను రేపింది. వినోదంగా భావించిన సినిమా సమాజాన్ని ప్రశ్నించగలదని రుజువైంది.

1917లో మాగ్నుసన్ మరింత సాహసించాడు. ఇబ్సెన్ కావ్యం ఆధారంగా ‘తెర్యె వీగెన్’ చిత్రానికి నాటి సాధారణ చిత్రాలకయ్యే వ్యయానికి సుమారు మూడు రెట్లు వెచ్చించాడు. స్టూడియో గోడలను వీడి, నిజమైన సముద్రంపై దానిని చిత్రీకరించారు. చిత్రం ఘనవిజయం పొందింది. నాటి నుండి సంస్థ చిత్రాల సంఖ్యను తగ్గించి, ప్రమాణాలను పెంచింది. 1909లో నోబెల్ బహుమతి పొందిన రచయిత్రి సెల్మా లాగర్లోఫ్ నవలలు వరుసగా తెరకెక్కాయి. వానిలో 1921 నాటి ‘మృత్యుశకటం’ సుప్రసిద్ధం. ఛాయాగ్రాహకుడు యూలియస్ యెన్‌జోన్ ఒకే ఫిల్ముపై మరల మరల చిత్రించి, దేహం నుండి వెలువడే ఆత్మను ప్రేక్షకులకు కన్నులకు కట్టించాడు.

1919లో ‘స్వెన్‌స్కా బయో’ ప్రత్యర్థి సంస్థతో విలీనమై ‘స్వెన్‌స్క్ ఫిల్మ్‌ఇండస్ట్రీ’గా అవతరించింది. దానికీ మాగ్నుసనే సారథి. కాని మొదటి ప్రపంచయుద్ధం ముగిశాక అమెరికా చిత్రాలు ఐరోపాను ముంచెత్తాయి. భారీ వ్యయంతో తీసిన చిత్రాలకు చిన్న దేశపు ఆదాయం చాలదు. విదేశీ విపణి కుంచించుకుపోయింది. 1923లో షోస్ట్రోమ్ హాలీవుడ్‌కు తరలిపోయాడు. ‘గోస్టా బెర్లింగ్ గాథ’తో 1924లో వెలుగులోకి వచ్చిన గ్రేటా గార్బోను వెంటబెట్టుకొని స్టిల్లర్ మరుసటి ఏట అదే దారి పట్టాడు. తాను తీర్చిదిద్దిన ప్రతిభ పరదేశాల పాలుకావడం మాగ్నుసన్ కనులారా చూడవలసి వచ్చింది. 1928లో ఆయన సంస్థ నుండి వైదొలగాడు. 1948 జనవరి 18న కన్నుమూశాడు.

అయినా ఆయన కృషి వ్యర్థం కాలేదు. 1957లో ఇంగ్మార్ బెర్గ్‌మన్ తన ‘వైల్డ్ స్ట్రాబెర్రీస్’ చిత్రంలో ప్రధానపాత్రకు వృద్ధుడైన షోస్ట్రోమ్‌ను ఎన్నుకొన్నాడు. దానిని నిర్మించిన సంస్థ మాగ్నుసన్ నడిపిన స్వెన్‌స్క్ ఫిల్మ్‌ఇండస్ట్రీయే. ధనం సమకూర్చడం నిర్మాత బాధ్యతలో ఒక భాగం మాత్రమే. ప్రతిభను గుర్తించి, నమ్మి, దానికి చోటు కల్పించడం అంతకంటె గొప్ప బాధ్యత. మాగ్నుసన్ జీవితసారం ఇదే.