మిగులు భూమి: కాగితముపై హక్కు, నేలపై స్వాధీనము

ఆర్మూరు ప్రాంతమున పసుపు పండించు రైతునకు ఒక సంగతి ఎవరును నేర్పనక్కరలేదు. మార్కెట్టు యార్డులో ధర పలికినంత మాత్రమున బేరము ముగియదు. కాంటా కావలెను, బస్తా చేయి మారవలెను. నగరములలోని మిగులు భూమిని గూర్చి ఏండ్ల తరబడి న్యాయస్థానములలో నడచిన వివాదములకు మూలము సరిగా ఇట్టి ప్రశ్నయే. పసుపు అమ్మిన సొమ్ములో కొంత హైదరాబాదులో నూరు, నూటయేబది గజముల స్థలముపై పెట్టిన కుటుంబములు మన ప్రాంతమున లేకపోలేదు. కావున ఈ విషయమును కొంచెము తెలిసికొని యుండుట మంచిది.

పట్టణ భూ గరిష్ఠ పరిమితి చట్టము 1976 ఫిబ్రవరి 17న అమలులోనికి వచ్చెను. నగరములందలి ఖాళీ స్థలము కొద్దిమంది చేతులలో పోగుపడరాదనియు, అది సామాన్యుల గృహవసతికి ఉపయోగపడవలెననియు దాని ఆశయము. హైదరాబాదు ప్రాంతమున ఒకరు ఉంచుకొనదగిన ఖాళీ స్థలము 1,000 చదరపు మీటర్లు, అనగా సుమారు 1,196 చదరపు గజములు. అంతకు మించినది మిగులు. ఆర్మూరు వంటి చిన్న పట్టణములకు ఈ చట్టము వర్తింపలేదు.

మిగులు భూమి ఎంత విలువైనదైనను దానికిచ్చు పరిహారము రెండు లక్షల రూపాయలకు మించరాదని చట్టము నిర్ణయించెను. నానాటికి ధర పెరుగు నగరములో ఈ మొత్తమునకు సంతోషముతో భూమి నప్పగించువారు అరుదు గదా! కొందరు మినహాయింపులు కోరిరి. కొందరు న్యాయస్థానముల నాశ్రయించిరి. మరికొందరు, అమ్మకము నిషిద్ధమైనను, స్థలమును ముక్కలు చేసి సాదా బైనామాలపై అమ్మివేసిరి. కొన్నవారు ఇండ్లు కట్టుకొని కాపురములు పెట్టిరి. ఇట్లు ఒకే నేలకు ముగ్గురు హక్కుదారులు తేలిరి: పాత యజమాని, ప్రభుత్వము, ఇంటివాడు.

భూమి ప్రభుత్వమునకు చేరుటకు చట్టము కొన్ని మెట్లు ఏర్పరచినది. యజమాని తన భూమి వివరములు దాఖలు చేయవలెను. అధికారి విచారించి మిగులు తేల్చును. పిమ్మట రాజపత్రములో ప్రకటన వెలువడును. అందు పేర్కొన్న తేదీనుండి భూమి ప్రభుత్వమునకు సంక్రమించినట్లే. అటుపై ముప్పది దినములలో అప్పగింపుమని నోటీసు ఈయవలెను. అప్పగింపనిచో బలము నుపయోగించియైనను అధికారులు స్వాధీనము చేసికొనవచ్చును. కాని పెక్కుచోట్ల ప్రకటన వెలువడినది గాని, చివరి మెట్టువరకు పని సాగలేదు.

ఇంతలో 1999లో పార్లమెంటు ఆ చట్టమును రద్దు చేసెను. ఆనాటి ఆంధ్రప్రదేశ్ రాష్ట్రమున ఆ రద్దు 2008 మార్చి 27 నుండి అమలైనది. రద్దు నాటికి ప్రభుత్వము స్వాధీనము చేసికొన్న భూమి ప్రభుత్వమునకే యుండును. స్వాధీనము కానిదానిపై చర్యలు నిలిచిపోవును. ఇక వివాదమంతయు ఒక్క మాటచుట్టును తిరుగసాగెను: స్వాధీనమనగా నేమి?

ఉత్తరప్రదేశ్ ప్రభుత్వమునకు సంబంధించిన హరిరామ్ వ్యాజ్యములో 2013లో సుప్రీంకోర్టు దీనికి సమాధానమిచ్చెను. రాజపత్ర ప్రకటనచే ప్రభుత్వమునకు లభించునది చట్టము దృష్టిలోని స్వాధీనమే. నేలపై వాస్తవ స్వాధీనము వేరుగా జరిగియుండవలెను. యజమాని తానై అప్పగించెనా? లేనిచో నోటీసు ఇచ్చి అధికారులు తీసికొనిరా? ఈ రెండును జరుగనిచో రద్దు ఫలము యజమానిదే. మన యార్డు మాటలో చెప్పవలెనన్న, ధర పలికినది గాని కాంటా కాలేదు. అందుచేతనే ఇట్టి వ్యాజ్యములలో పాత పంచనామా కాగితమునకు అంత ప్రాధాన్యము. అది ఏనాడు వ్రాసినది, నోటీసు ఎవరికందినది అను విషయములపై కోట్ల విలువగల భూమి ఆధారపడి యుండును.

మరి ఇంటివాని గతి యేమి? 2002 జూలై 29న వెలువడిన 455వ సంఖ్య ఉత్తర్వు, మిగులు భూమిని రుసుముపై అందు కాపురమున్నవారికి కేటాయించుటకు మార్గము చూపెను. తెలంగాణ రాష్ట్రమేర్పడిన పిదప 2014 డిసెంబరు 30న 58, 59 సంఖ్యల ఉత్తర్వులు వచ్చెను. అభ్యంతరము లేని ప్రభుత్వ భూమిలోను, మిగులు భూమిలోను 2014 జూన్ 2 నాటికి ఇల్లు కట్టుకొనియున్న పేదలకు 125 చదరపు గజముల వరకు ఉచితముగను, తక్కినవారికి రుసుముపైనను హక్కు కల్పించుట వాని ఉద్దేశము.

ఇది దయతో కూడిన పనియే. అయినను ఒక పరిమితి కలదు. ప్రభుత్వము తనకు గల హక్కునే ఇతరులకు ఈయగలదు. ఆ భూమి తనకు దక్కలేదని న్యాయస్థానము తేల్చినచో, రుసుము చెల్లించి పొందిన క్రమబద్ధీకరణ పత్రము కూడ వివాదమున పడును. యజమానికిని ప్రభుత్వమునకును నడుమ వాదము నడచుచుండగా, ఓడిపోవువాడు ఆ వాదములో పేరైన లేని ఇంటివాడు కావచ్చును. చెరువు శికము, గ్రామ ఉమ్మడి భూముల సంగతి మరియు కఠినము. ఎంతకాలము అనుభవించినను, ఎంత ధనము వెచ్చించి కట్టినను అదియే క్రమబద్ధీకరణకు కారణము కాజాలదని 2011లో జగ్‌పాల్ సింగ్ వ్యాజ్యమున సుప్రీంకోర్టు చెప్పెను; మినహాయింపులు బహు స్వల్పము.

కావున స్థలము కొనువారు రెండు విషయములు మరువరాదు. ఇంటిపన్ను రసీదు, విద్యుత్తు బిల్లు కాపురమునకు సాక్ష్యములే గాని హక్కునకు కావు. ఇ.సి. రిజిస్టరైన లావాదేవీలను చూపును గాని, ఆ నేల ఒకప్పుడు మిగులుగా తేలినదో లేదో చెప్పదు. ఆ సంగతి రెవెన్యూ కార్యాలయపు రికార్డులలో వెదకవలెను. సర్వే నంబరు పట్టుకొని పాత దస్త్రము చూపించుకొనుటకు నాలుగు దినములు తిరుగవలసి రావచ్చును. తొమ్మిది నెలలు కాచి పండించిన పసుపును కాంటా చూడక విడువని రైతు, జీవితకాలపు పొదుపును పెట్టునప్పుడు ఆ నాలుగు దినములకు వెనుదీయడు గదా!