తెలుగు లిపియు నుమ్మడి లైబ్రరీ ఫైళ్ళును

హైదరాబాదు నగరమునకు పశ్చిమమున, హైదరాబాదు విశ్వవిద్యాలయమునకు జేరువగా నల్లగండ్ల కలదు. పూర్వము గ్రామమైన యీ స్థలము నేడు సాఫ్ట్‌వేరు ఉద్యోగులు పలువురు నివసించు చోటైనది. ఈ యూరి పేరు కంప్యూటరులో వ్రాయబడునపు డేమి జరుగునో యెఱిగినచో, గ్రంథపరిష్కర్తల కుపయోగించు విషయ మొకటి బోధపడును.

"నల్లగండ్ల" యను పదమున గంటి కగపడు నక్షరములు నాలుగు: న, ల్ల, గం, డ్ల. కంప్యూటరు భద్రపఱచునవి మాత్రము తొమ్మిది సంకేతములు: న, ల, పొల్లు, ల, గ, సున్న, డ, పొల్లు, ల. 1991లో వెలువడిన యూనికోడు తెలుగునకు 128 స్థానములు గల పట్టికను కేటాయించినది. ఆ పట్టికలో వత్తులకు వేఱు స్థానము లేదు. పొల్లు తరువాత హల్లు వచ్చినచో దానిని వత్తుగా మార్చి, ముందటి హల్లుతో గూర్చవలయునని యెఱిగి, ఫాంటునుండి తగిన రూపములను దీసి యమర్చుట వేఱొక పని.

ఈ పనిని లేఖన కార్యక్రమములు విడివిడిగా జేసికొనుట యరుదు. ఊరివారందఱు నొకే బావినీటిని వాడుకొనునట్లు, పెక్కు కార్యక్రమము లొకే లైబ్రరీ ఫైలుచే దీనిని జేయించుకొనును. విండోసులో బహుకాల మీ పని చేసిన లైబ్రరీ యూనిస్క్రైబు. దాని ఫైలు పేరు యు.ఎస్.పి.10.డి.ఎల్.ఎల్. 2001లో వచ్చిన విండోసు ఎక్స్.పి. గౌతమి ఫాంటుతో గూడ తెలుగున కీ సౌకర్యము గలిగించెను. లిబ్రెఆఫీసు 2017లో వెలువడిన 5.3వ కూర్పునుండి యన్ని వ్యవస్థలపైనను హార్ఫ్‌బజ్ అను లైబ్రరీని వాడుచున్నది. ఓపెన్‌టైపు అను ఫాంటు పద్ధతి పేరునకు పారసీకానువాదమే యీ పేరు. ఇందలి హర్ఫు శబ్దము అక్షరమను నర్థమున ఉర్దూ మూలముగా హైదరాబాదువారికి బరిచితమే.

ఉమ్మడి ఫైలువలన లాభము స్పష్టము. ఒకచోట దోషమును దిద్దినచో దానిని వాడు కార్యక్రమము లన్నింటను దిద్దుబాటగును. అట్లే యొకచోటి దోష మన్నింటికిని సోకును. 2018 ఫిబ్రవరిలో నిట్లే జరిగెను. జకారము, పొల్లు, ఞకారము, కంటికి గనబడని విభాజక చిహ్నము, ఆకారపు గుర్తు వరుసగా వచ్చినపుడు ఆపిల్ సంస్థవారి కోర్‌టెక్స్ట్ లైబ్రరీ విఫలమై, దానిపై నాధారపడిన పెక్కు కార్యక్రమములు ఐఫోనులలో నిలిచిపోయెను. పత్రికలు దీనిని తెలుగక్షర దోషమని చాటినవి. దోషము తెలుగక్షరమునందు లేదు. దానిని గూర్చు లైబ్రరీయందే కలదు. ఆ నెల 19వ తేదీని వెలువడిన ఐ.ఓ.ఎస్. 11.2.6 కూర్పుతో నది తొలగెను.

ఒకే యంత్రమున రెండు కార్యక్రమములు వేఱు లైబ్రరీలను గాని, యొకే లైబ్రరీయొక్క వేఱు ప్రతులను గాని వాడుటయు గలదు. అప్పు డొకే ఫైలు ఒకదానిలో సరిగాను, మఱియొకదానిలో వత్తులు విడిపోయియు గనబడవచ్చును. ఇది పాఠభేదము గాదు. తాళపత్రములందలి లేఖకదోషమువంటిదియు గాదు. పాఠము రెంటను నొక్కటియే. చూపు రూపము మాత్రమే వేఱు.

ఈ భేదమును గుర్తింపక, తెరపై రూపము చక్కబడుటకై వ్రాయసకాడు నడుమ నొక ఖాళీని గాని, యదృశ్య చిహ్నమును గాని చేర్చినచో, ఆనాటి కది దిద్దుబాటుగ దోచును. లైబ్రరీ లోపము పిదప తొలగినను, చేర్చిన చిహ్నము గ్రంథమున నిలిచిపోవును. కావున వత్తు చెడినట్లు కనబడినపుడు, ముం దా ఫైలును వేఱొక కార్యక్రమమునను, వేఱొక ఫాంటుతోను జూచి, పిమ్మటనే పాఠమును ముట్టవలయును. లేనిచో "నల్లగండ్ల" యని తెరపై నిర్దుష్టముగ గనబడుచున్న పదమే, ఆ పేరున వెదకువారికి దొరకకపోవచ్చును.